కప్ప గుండె జవాబు విషయమై మనవి

విజయవాడ వన్ టౌన్,
12 జూన్ 1976

పరీక్షల విచారణాధికారి గారి సముఖమునకు, శౌరయ్య గారి భార్య సంపూర్ణమ్మ వ్రాసుకొను అర్జీ.

అయ్యా,

విషయం: దొంగ ముద్రణ పాఠ్యపుస్తకం చదివిన ఇద్దరు బాలికలపై మోపిన కాపీ నేరం రద్దు చేయుట గురించి.

1. మా అమ్మాయి మార్త, పక్కింటి మణెమ్మ గారి అమ్మాయి ఛాయాదేవి మార్చిలో పదో తరగతి పరీక్ష రాసినారు. సైన్సులో ఇద్దరూ ఒకే తప్పు వాక్యం రాసినందున రెండేళ్ళు పరీక్షకు కూర్చోరాదని ఉత్తర్వు వచ్చినది. ఆ వాక్యం: "కప్ప గుండె మూడు గదులు కలిగి, సూర్యరశ్మి సహాయమున పిండిపదార్థమును తయారుచేయును."

2. పిల్లలు కూర్చున్నవి వేరు వేరు గదులు. ఆ మాట చెప్పబోతే హెడ్మిస్ట్రెస్ గారు, "ఇద్దరికీ ఒకే తప్పు గాలిలో వచ్చిందా అమ్మా?" అన్నారు.

3. గాలిలో రాలేదు, పుస్తకంలో వచ్చినది. లైబ్రరీలోని అసలు పుస్తకం పక్కన పెట్టి పేజీ పేజీ సరిచూసినాను. మా దానిలో 64వ పేజీ తరువాత 81 ఉన్నది, నడుమ పదహారు పేజీలు లేవు. కప్ప గుండె మధ్యలో ఆగి, ఆకు పాఠం మధ్యలో మొదలగును. పిల్లలు అలాగే బట్టీ పట్టినారు. ఇద్దరి చేతా అప్పజెప్పించుకున్నది నేనే. ఒక్క అక్షరం పోలేదని మెచ్చుకున్నాను కూడా.

4. పోయిన జూలైలో పుస్తకాలు కొనబోతే అంగడాయన దాచకుండానే చెప్పినాడు. "కొత్తవి ఇంకా రాలేదు అమ్మగారూ. పాతది ఉంది, అట్ట ఊడింది. ఇదెవరో దొంగతనంగా వేసిందండీ, కానీ లోపల అవే అక్షరాలు." అట్ట లేని పుస్తకంతో నా కూతురు బడికి వెళ్ళడమా అని నేను దొంగదే తీసుకున్నాను. మణెమ్మ గారి చేతా కొనిపించినాను. ఆ పాతదానిలో ఆ పదహారు పేజీలూ ఉండేవి.

5. కావున పిల్లల పుస్తకాలు రెండూ జతపరచినాను. కొన్న నేరానికి శిక్ష ఉంటే నాకు వేయండి. ఇకమీదట పై తరగతికి వెళ్ళిన పిల్లల అసలు పుస్తకాలు, చిరిగినవైనా సరే, కింది తరగతి వారికి బడిలోనే ఇప్పించండి.

ఇది చిత్తగించి, సెప్టెంబరు పరీక్షకు ముందే పిల్లల సంగతి తేల్చవలెను.

తమ విధేయురాలు,
సంపూర్ణమ్మ

మరొక మాట: మార్త "మనల్ని మోసం చేశాడమ్మా" అని అంగడాయన్ను రోజూ తిడుతున్నది. నేను ఊరుకుంటున్నాను. విచారణకు పిలిచినప్పుడు నాలుగో అంశం దాని ఎదుటే పైకి చదివించండి. ఇంట్లో నాకు నోరు రావడం లేదు.