నిలబడటానికి గడి లేదు

మే 11, సోమవారం
ఉదయం 5.40. ఇవాళ్టి నుంచి నడక.
ఏడాది కిందట జ్వరం తగ్గింది, నీరసం ఉండిపోయింది. దానికి డాక్టరుగారు చెప్పిన పేరు క్రానిక్ ఫెటీగ్ సిండ్రోమ్. మా అత్తగారు చెప్పే పేరు బద్ధకం.
ఫిజియోథెరపిస్టు మంజుషగారు చార్టు ఇచ్చారు. మొదటిరోజు ఐదు నిమిషాలు, తర్వాత రోజుకో నిమిషం పెంచాలి. జూన్ 12న స్కూలు తెరుస్తారు. ఆ రోజు చేరకపోతే నా తెలుగు క్లాసులకి ఇంకొకరిని తీసుకుంటామని కరస్పాండెంటుగారు ఉత్తరం రాశారు. చార్టు ప్రకారం ఆ రోజుకి ముప్ఫై ఏడు నిమిషాలు నడుస్తాను. పీరియడ్ నలభై. దాదాపు సరిపోయింది.
నడిచింది: 5. ఆయాసం: లేదు. టిక్కు పెట్టాను.

మే 13
7 నిమిషాలు. కాలువ వంతెన దాకా. మా ఆయన డేనియల్ ఫోన్లో స్టాప్‌వాచ్ పెట్టుకుని వెనకే వస్తున్నారు. ఎవరైనా పలకరిస్తే నడక వాచ్ ఆపి, మాటలకి వేరే లెక్క మొదలుపెడతారు. నిక్కచ్చి మనిషి.
"ఏంటండీ టీచరుగారూ, పొద్దున్నే ఎక్కడికి?" గేటు దగ్గర పక్కింటి చిట్టెమ్మగారు.
జవాబు చెప్పకుండా పోతే బాగోదు. చెప్పాను. ఆవిడ మోకాళ్ళ గురించి విన్నాను. తర్వాత ఆవిడ కోడలి గురించి.

మే 15
9 నిమిషాలు. నాకు నేనే నచ్చుతున్నాను.
వస్తుంటే మా వీధి ముసలయ్యగారు ఎదురయ్యారు. అంత పెద్దాయన నిలబడి మాట్లాడుతుంటే మనం అరుగు మీద కూర్చోలేం.
"నీరసానికి నడకేనమ్మా మందు. నన్ను చూడు, డెబ్భై ఎనిమిది."
చూశాను. బాగానే ఉన్నారు. చాలాసేపు చూడాల్సి వచ్చింది.

మే 17, ఆదివారం
నడక: లేదు. కారణం: ఆదివారం. చర్చికి కూడా వెళ్ళలేదు. దువ్వెన బరువుగా ఉంది.

మే 18
లేదు. కారణం: ఎండ.

మే 19
లేదు. కారణం: మంచం మీంచి లేవలేదు. మొన్నటి కారణం, నిన్నటి కారణం కూడా ఇదే.

మే 20
వరండాలో 2 నిమిషాలు. చార్టులో 14 అని రాశాను. ఇరవై ఏళ్ళుగా పిల్లల హోంవర్కులో ఇలాంటివి పట్టుకున్నదాన్ని.

మే 26
చార్టు ఫొటో పంపాను. మంజుషగారు వెంటనే ఫోన్ చేశారు.
"ఇరవై నిమిషాలా! చాలా బాగుందండి."
"మంచం మీంచే మాట్లాడుతున్నానండి," అన్నాను.
ఆవిడ నడిచిన రోజుల గురించి ఒక్కొక్కటీ అడిగారు. మధ్యలో డేనియల్ ఫోన్ తీసుకుని తన లెక్క చదివారు. "పదమూడున నడక ఏడు, నిలబడి మాట్లాడింది ఇరవై రెండు. పదిహేనున నడక తొమ్మిది, మాట్లాడింది నలభై ఒకటి."
"ఈ సంగతి ముందే చెప్పాలి కదండీ?"
"చార్టులో నిలబడటానికి గడి లేదండి," అన్నారు డేనియల్.
ఇది మీ తప్పు కాదన్నారు మంజుషగారు. రోజుకింతని పెంచుకుంటూ పోయే పద్ధతి ఈ జబ్బుకి వద్దని బ్రిటన్‌లో 2021లోనే మార్గదర్శకాలు మార్చారట. "పాత చార్టు ఇచ్చాను. తప్పు నాదే. అలసట వచ్చాక ఆగడం కాదండి, రాకముందే ఆగాలి. నిలబడటం, మాట్లాడటం, అన్నీ లెక్కే."
ఫోన్ పెట్టేశాక తట్టింది. నా ఉద్యోగమే నిలబడి మాట్లాడటం.

మే 30
హెడ్‌మాస్టరు శ్రీనివాసరాజుగారు ఇంటికొచ్చారు. అడిగేశాను: రోజుకి రెండు పీరియడ్లు, కూర్చుని చెబుతాను.
"కూర్చుని చెబితే పిల్లలు వింటారంటారా?"
"నిలబడి చెప్పినప్పుడు విన్నారాండీ?"
నవ్వారు. కరస్పాండెంటుగారిని ఒప్పిస్తానన్నారు. ఆయన్ని సాగనంపడానికి లేవబోతే డేనియల్ నా భుజం పట్టి కూర్చోబెట్టారు.

జూన్ 8
ఒప్పుకున్నారు. మూడు నెలలు చూస్తారట.

జూన్ 12, శుక్రవారం
ఉదయం 8.50. ఆటోలో వచ్చాను. రిజిస్టరులో సంతకం పెట్టాను. నియమం ఒక్కటే: కుర్చీలోంచి లేవకూడదు.
9.20. ఏడో తరగతి. పిల్లలు రాకముందే వెళ్ళి కూర్చున్నాను. ప్రార్థన అయ్యాక వచ్చారు. నలభై ఒక్కమంది బెంచీల దగ్గర నిలబడి "గుడ్ మార్నింగ్ టీచర్" అన్నారు.
అంతమంది నిలబడితే కూర్చుని ఉండటం ఎలా? లేచాను.
నేను చెప్పేదాకా వాళ్ళు కూర్చోరు. వాళ్ళు కూర్చునేదాకా నేను కూర్చోలేను. చెప్పాల్సింది ఒక్క మాట. ఏడాదిగా అనని మాట, నోటికి రావడానికి కాస్త టైం పట్టింది.
"కూర్చోండి," అన్నాను. అందరం కూర్చున్నాం.
నిలబడింది: 1 నిమిషం. రేపు రెండో శనివారం. సోమవారం నుంచి కచ్చితంగా లేవను.