గోనెపట్ట గడి

సోమయ్యా బిడ్డా, నీ పానం ఎట్లున్నది? కోడలు సాయమ్మ నడుం నొప్పి తగ్గిందా? చిన్నదాని జరం పోయిందా? దొరల మీద లేచిన సంగపోళ్లను పోలీసులు పట్టుకపోతున్నరని విన్న, పొద్దుగూకితే బయటికి పోకు.

ఈడ మద్రాసుల నీ తమ్ముడు బ్రహ్మం నౌకరి పోకుంట నిలిచింది, పరేషాన్ గాకు. సినిమాకు మన ఊరి దొర గడి లెక్క ఒకటి కట్టిండు. వాని సారు, "దీన్ని చూస్తే భయమెక్కడేస్తుందయ్యా? రేపట్నుంచి రాకు" అన్నడట. అదే యాళ్లకు నేను సద్ది పట్టుకపోయిన. మీ నాయిన కూలి లేకుంట ఎట్టికి చెక్కిన తలుపే కండ్లవడ్డట్టయ్యి, మన ఊర్లె లెక్కనే చెప్పులు చేతవట్టుకొని తలొంచుకొని నిలవడ్డ. సారు నన్ను జూసి, తమ్మునితోని, "ఇంకేం కావాలి! పనిలో ఉండు" అన్నడు. తమ్ముడు నవ్వి, "అవ్వా, ముట్టి జూడు" అన్నడు. ముడితే ఉత్త గోనెపట్ట. జర నూకితే ఊగింది.

మీ నాయిన బాడిసెకు నూనె రాసి ఉంచు, తమ్ముడు అడుగుతున్నడు. బర్రె ఈనిందా? పిల్లజెల్లకు నా దీవెన.

ఈసారి మన ఊరి గడి ముంగట చెప్పులు తొడుక్కునే నడుస్త. నాకు భయమే, నువ్వు జర పక్కన నడువు. శివరాత్రి తెల్లారి జనగామ టేసన్ల దిగుత.