కొండ తుమ్మే దేశం

2-2-59, సోమవారం

ఇవాళ క్లాసులో ముగ్గురు నిద్రపోయారు. ఒకావిడ గురక కూడా పెట్టింది. తప్పు వాళ్లది కాదు. పొద్దుటినుంచి మిరప కళ్లంలో తాలుకాయలు ఏరి ఏరి, సాయంత్రం నాలుగింటికి గోడౌను వరండాలో కూర్చుని "అల, వల, కల" అనమంటే నిద్ర రాక ఇంకేం వస్తుంది?

బ్లాకు ఆఫీసు నుంచి కాగితం వచ్చింది. మార్చిలో టెస్టు. పదిహేనుమందికి చదవడం, ఒక్క వాక్యం రాయడం వచ్చి తీరాలి. లేకపోతే ఈ వయోజన విద్యా సెంటరు ఎత్తేస్తారు. నా టెంపరరీ పోస్టు కూడా దాంతోపాటే పోతుంది. నా రిజిస్టరులో ఉన్నది సరిగ్గా పదిహేనుమంది. అందులో చెంచమ్మ ఒకతె.

చెంచమ్మ అందరికన్నా పెద్దది. పలక ముట్టదు. వెనక స్తంభానికి ఆనుకుని కూర్చుని అందరికీ వంకలు పెడుతుంది. ఈ వయసులో నాకు చదువెందుకమ్మా, యముడికి అర్జీ రాసుకోనా అంటుంది.

5-2-59

గాలి మళ్లి కళ్లంలోని కారమంతా వరండాలోకి కొట్టింది. అందరం ఒకటే తుమ్ములు. నాకు ఒళ్లు మండి వాచకం మూసేశాను. ఒక దేశం ఉంది, అక్కడ కొండే తుమ్ముతుంది, మీరెంత అన్నాను. ఎందుకన్నానో నాకే తెలియదు.

అందరూ ఒక్కసారి లేచి కూర్చున్నారు. కొండ తుమ్మితే ఇళ్లు కూలిపోవా అని అంకమ్మ. నెత్తిన టోపీలాగా మబ్బు ఎగిరిపోతుందన్నాను. ఆ దేశంలో ఇంకేం మోగుతాయని ఖాజాబీ అడిగింది. పత్తికాయ పగిలినప్పుడల్లా, బరువు దించిన మనిషిలా "హమ్మయ్య" అంటుందన్నాను. ఎంత నవ్వారో! చీకటి పడేదాకా ఒక్కరూ కదల్లేదు.

అల, వల సంగతి నేనూ మరిచిపోయాను.

6-2-59

తలా ఒక ఊరు కావాలట ఆ దేశంలో! సంతలో బేరంలా మీద పడ్డారు. నాకు బ్రహ్మాండమైన ఐడియా వచ్చింది. ఊరు కావలసినవాళ్లు దాని పేరు, అక్కడి చప్పుడు స్వయంగా గోడమీద రాయాలి. రాస్తేనే సొంతం. రాయకపోతే బయటే.

చెంచమ్మ అప్పుడే అడ్డం తిరిగింది. ఊరు కావాలట, రాయదట. అందరూ గోల చేసే దేశంలో తనకి మాత్రం చప్పుడే లేని లోయ ఒకటి ఉండాలట. ఇంట్లో కోడళ్లు, బయట మీరు, ఒక్కచోటన్నా చెవులు చల్లగా ఉండొద్దా అంది. రాస్తే ఇస్తానన్నాను. మూతి ముడుచుకుంది.

19-2-59

ఇప్పటికి గోడమీద ఆరు ఊళ్లు. సుద్దముక్కలు చాలడం లేదు.

26-2-59

ఇవాళ వెంకాయమ్మ రాసింది. రెండు వారాలు పట్టింది పాపం. ఆమె ఊళ్లో గాలి "బుల్లీ" అని పిలుస్తుంది. ఎవరా బుల్లి అని అడిగాను. నేనేనండీ అంది. పుట్టింట్లో అలా పిలిచేవాళ్లట. అమ్మ పోయాక ఇరవై ఏళ్లుగా ఆ పేరుతో పిలిచినవాళ్లే లేరట.

తర్వాత అందరూ ఒకరి తర్వాత ఒకరు గోడ దగ్గరికి వెళ్లి ఆ మాట పైకి చదివారు. వెంకాయమ్మ కొంగు నోట్లో కుక్కుకుని నవ్వింది, ఏడ్చింది. నాకూ ఏడుపొచ్చింది. సంతోషంగానే.

14-3-59

పద్నాలుగు ఊళ్లు పూర్తయ్యాయి. పద్నాలుగుమందీ వాచకం కూడా గడగడా చదివేస్తున్నారు. చెంచమ్మని బతిమాలాను, కోప్పడ్డాను, సేమ్యా పాయసం తెచ్చిపెట్టాను. పాయసం తాగి బాగుందంది. సుద్ద మాత్రం ముట్టలేదు.

టెస్టు ఇరవయ్యో తేదీన. ఒక్క మనిషి తక్కువ. అంతే సంగతులు.

20-3-59, రాత్రి

ఇవాళ జరిగిందంతా రాయాలి.

ఇన్‌స్పెక్ట్రెస్‌గారు జీపు దిగారు. గంజి పెట్టిన చీర, నల్ల కళ్లజోడు. రంజాను ఉపవాసం, రోజాలో ఉన్నాను, అసలే గొంతు ఎండిపోతోంది, ఆవిడని చూడగానే నమస్కారం పెట్టడం కూడా మరిచిపోయాను. పద్నాలుగుమంది చదివారు, రాశారు. పదిహేనో మనిషి ఎవరన్నారు. చెంచమ్మ స్తంభాన్ని వదల్లేదు. ఆవిడ రిజిస్టరులో ఏదో రాసుకున్నారు. నా ప్రాణం అక్కడే పోయింది.

వెళ్లబోతూ గోడ చూశారు. ఇదేమిటన్నారు. అందరూ ఒకేసారి చెప్పారు. ఆవిడ కళ్లజోడు తీసి, కొండ దగ్గర్నుంచి మొదలుపెట్టి అన్నీ చదివారు. చాలా నెమ్మదిగా, కూడబలుక్కుంటూ. తరువాత మెల్లిగా, నాకూ ఒక చోటు ఇస్తారా అన్నారు! తొంగిచూస్తే నవ్వే బావి కావాలట.

రాస్తేనేనండీ అంది అంకమ్మ, అధికారి అని కూడా చూడకుండా.

ఆవిడ సుద్ద అందుకుని "న" రాసి ఆగిపోయారు. మొహం ఎర్రబడింది. చదువంతా మద్రాసులో ఇంగ్లీషులోనేనట, తెలుగు చదవడం ఉద్యోగం కోసం నేర్చుకున్నారట, రాయడం ఇంకా కుదరలేదట.

అప్పుడు లేచింది చెంచమ్మ. అందరినీ తోసుకుంటూ వచ్చింది. ఇటివ్వమ్మా, దీనికింత సిగ్గెందుకు, నేనూ నిన్నమొన్నటిదాకా నీలాంటిదాన్నే అని ఆవిడ చేతిలోంచి సుద్ద లాక్కుంది. "నవ్వే బావి" అని రాసింది. ఊరుకోకుండా దాని పక్కనే పెద్ద పెద్ద అక్షరాలతో "నా లోయలో ఎవరూ మాట్లాడరు" అని రాసింది. ఒక్క తప్పు లేదు.

ఎప్పుడు నేర్చుకున్నావని అడిగితే తర్వాత చెప్పింది. మధ్యాహ్నం అందరూ అన్నాలకి వెళ్లినప్పుడు కళ్లంలో ఎండుమిరపకాయలు అక్షరాల్లా పేర్చుకునేదట. అడుగుల చప్పుడు వినబడితే చెరిపేసేదట. మీ అందరిముందు తప్పు రాసి నవ్వులపాలు కావాలా అంది.

ఇన్‌స్పెక్ట్రెస్‌గారు రిజిస్టరు మళ్లీ తెరిచి పదిహేను అని దిద్దారు. చెంచమ్మ దగ్గర కూర్చుని "నవ్వే బావి" మూడుసార్లు రాశారు. మూడోది బాగా కుదిరింది. చెంచమ్మ ఒప్పుకుంది.

2-4-59

సెంటరు ఉంటుందని ఆర్డరు వచ్చింది. నేనూ ఉంటాను.

సాయంత్రం పక్క ఊరినుంచి ఇద్దరు ఆడవాళ్లు నడిచి వచ్చారు. ఆ దేశంలో ఇంకా ఖాళీ ఉందా అని అడిగారు. పలకలు తెచ్చుకున్నారు.