రౌటర్ తాళం నేనే తీస్తా

సోమవారం, ఉదయం 8
కొత్త రౌటర్ వచ్చింది. పాతది గౌరవంగా అటకెక్కింది. కొత్తది కనెక్షన్ పేరూ, పాస్‌వర్డూ అడుగుతోంది. అవి రాసుకున్న కాగితం ఏ గంగలో కలిసిందో! పర్వాలేదు. పాత రౌటర్ సెట్టింగుల బ్యాకప్ ఫైలు నా కంప్యూటర్లో ఉంది. అందులోంచి తవ్వి తీస్తా. కంపెనీకి ఫోన్ చెయ్యను. ఎవర్నీ అడగను.
గడువు: శనివారం సాయంత్రం ఐదు. మా ఆవిడ మొదటి ఆన్‌లైన్ కుట్టు పాఠం. పద్నాలుగు మంది చేరారు. మొదటిదే తప్పితే మళ్ళీ ఎవరొస్తారు?

8.40
ఫైలు తెరిచాను. సిరాలో పడ్డ చీమలు కాగితమంతా తిరిగినట్టుంది. తాళం వేశారన్నమాట. నా దగ్గరా తాళాలు!

మంగళవారం
మా ఇంట్లో ఫోన్ సిగ్నల్ మేడ మీద నీళ్ళ ట్యాంకు పక్కనే. అక్కడ కూర్చుని చదివాను. రౌటర్ అడుగునుండే సీరియల్ నంబరే తాళంచెవట. ఇంతేనా! (మా మేనమామ ఇనప్పెట్టె కథ గుర్తొచ్చింది. రేపు రాస్తా.)

బుధవారం
పాతదాన్ని అటక దించాను. నంబరున్న స్టిక్కర్ని కిందటేడు శుభ్రత పేరుతో నేనే గోకేశాను. భూతద్దం తెచ్చా. నాలుగు చోట్ల అది మూడో, ఎనిమిదో, ఇంగ్లీషు బి-యో తేలట్లేదు. మేనమామ కథకి టైం లేదు.
బావమరిది వచ్చాడు. "బావా, ఒక్క ఫోన్ కొడితే వాళ్ళే చెప్తారుగా?"
"నీకు బుర్ర తక్కువ, ఫోన్లెక్కువ."
"నీకు రెండూ లేవులే" అని కాఫీ తాగి పోయాడు.

గురువారం
ప్రయత్నాలు: 41. తెరుచుకున్నవి: 0. మెడనొప్పి: 1.
అసలిది ఓపికకి పరీక్ష, తెలివికి కాదు. పక్కగదిలో మా ఆవిడ మిషను తొక్కుతూనే ఉంది. పాపం, దిగులేమో. ఒక్కమాటా అడగలేదు.

శుక్రవారం, సాయంత్రం 4
తెరుచుకుంది!! చివరిది బి! గంతేశాను. నడుం పట్టేసింది.

4.10
పేరు: ఖాళీ. పాస్‌వర్డ్: ఖాళీ.
అటకెక్కించే ముందు రౌటర్ని రీసెట్ చేసి అన్నీ చెరిపేశాను. ఆ తరవాత, జాగ్రత్తపరుణ్ణి కదా, బ్యాకప్ తీశాను. పాత ఫైలు మీదే, అదే పేరుతో. ఐదు రోజులుగా ఖాళీ పెట్టెకి తాళం తీస్తున్నాను!

శనివారం, 4.30
ఒప్పేసుకున్నాను. "ఇదిగో, నావల్ల కాలేదు. నీ మిషను మేడ మీదకి మోస్తా, పద."
ఆవిడ సూదిలో దారం ఎక్కిస్తూ, "మంగళవారమే కంపెనీకి ఫోన్ చేశానండీ. పేరూ, పాస్‌వర్డూ రాసిన చీటీ సొరుగులో ఉంది, తీసి కొట్టండి" అంది.
"మరి చెప్పవేం?"
"చెప్తే మళ్ళీ కథలు మొదలెడతారు. ఈ ఇల్లు ఐదు రోజులు సద్దుమణగడం మన పెళ్ళయ్యాక ఇదే మొదటిసారి. కాలరు మూడు రకాలుగా కుట్టి చూసుకున్నా."
పాఠానికి పద్నాలుగు మందీ వచ్చారు. వచ్చేవారమూ వస్తారట.

ఆదివారం, ఉదయం 8
కొత్త రౌటర్ బ్యాకప్ ఫైలు మా ఆవిడే తీసి నా ముందు పెట్టింది. దీని తాళం మరీ గట్టిదట. "మీరు తప్ప ఇంకెవరు విప్పుతారండీ?" అంది. నిజమే. ఈ వారం దీని అంతు తేలుస్తా! ఎవర్నీ అడగను.
శనివారం రెండో పాఠం, చొక్కా చేతులు.
కంప్యూటర్ ముందు కూర్చున్నాను. గది తలుపు తనే దగ్గరకి వేసి వెళ్ళింది.