మట్టి సైనికుల దగ్గర ఎంతసేపు?

శారదా,

నువ్వు లేకుండా ఇది రెండో పెళ్లిరోజు. నువ్వు చూడాలన్న చైనా మట్టి సైనికుల టూర్ బుక్ చేద్దామని పొద్దుటి నుంచీ కూర్చుంటున్నాను, లేస్తున్నాను. చివరికి మన ఫ్రిస్కో ఊళ్లో తెలుగువాళ్లంతా వెళ్లే గ్రూప్ టూర్ వాళ్లకి ఫోన్ చేశాను.

“మట్టి సైనికుల తవ్వకాల దగ్గర ఎంతసేపు ఆపుతారు?”

“రెండు గంటలు అంకుల్. తర్వాత షాపింగ్, ఇండియన్ డిన్నర్. పెరుగన్నం కూడా ఉంటుంది.”

రెండు గంటల్లో నువ్వు మొదటి గది కూడా దాటవు. ఏ మ్యూజియంలోనైనా ప్రతి బోర్డూ చదివేదానివి. నేను బయట బెంచీ మీద విసుక్కుంటూ కూర్చునేవాణ్ని.

ఫోన్ పెట్టేసి, రోజంతా ఉండే గైడ్‌ని బుక్ చేశాను.

“పది నిమిషాల్లో బయటికొచ్చేస్తారు మీరు. రోజంతా ఏం చేస్తారు డాడీ?” అంది అమ్మాయి.

“బోర్డులన్నీ చదవాలి కదమ్మా,” అన్నాను.