యంత్రం ఆపిన కాసేపు

శుక్రవారం రాత్రి

ఈరోజు బాపును ఎయిర్‌పోర్టులో నేను పనిచేసే గదికి తీసుకెళ్లాను. కాలం ఎగుడుదిగుడు కాకుండా, విమానాల వేళలు తప్పకుండా చూసే యంత్రం అక్కడే ఉంది. ఒకప్పుడు ఆ చోటు మా జొన్నచేను. గడప దగ్గరే బాపు ఆగి, "చెప్పులిడువు బిడ్డా, చేన్ల అడుగు వెడ్తున్నం" అన్నాడు. నవ్వొచ్చినా విడిచాను.

తుడవడానికి యంత్రాన్ని కాసేపు ఆపాను. జొన్నకంకులు కాల్చిన వాసన వచ్చింది. బాపు తలుపు వైపు తిరిగి, "జర ఆగు, మీ అమ్మ సద్ది తెస్తున్నది" అన్నాడు. అమ్మ పోయి ఎన్నేళ్లయింది! విమానాలు ఆగిపోతాయన్న భయంతో స్విచ్ వేసేశాను. ఇంకో నిమిషం ఆగి ఉంటే అమ్మ కనిపించేదేమో...

ఆ గదంతా నున్నటి టైల్స్. ఇంటికొచ్చి చూస్తే బాపు అరికాళ్లకు ఎర్రమట్టి. కడుక్కోమంటే, "ఇయ్యాల వద్దు బిడ్డా" అని అలాగే పడుకున్నాడు.