ఎవరూ పోని ఇంటి వంటమనిషి

పునరావాస అధికారి గారి సముఖమునకు

అయ్యా,

విషయం: ఇంట్లో ఎవరూ చనిపోని వంటమనిషిని ఒకరిని మా ఊరికి అత్యవసరంగా పంపించుట గురించి.

దక్షిణ ఇటలీ కొండల్లోని రోక్కాసెల్వా గ్రామస్థుడు ఎలీజియో ముస్కో చేసుకొను మనవి:

1. మొన్నటి భూకంపంలో మా పదకొండు ఇళ్ళూ కూలినవి. ప్రతి ఇంటా ఒకరైనా పోయారు. మా ఇంట తాత పోయాడు. సర్కారు వారు డేరాలు, దుప్పట్లు, ఎందుకో తెలియదు గాని నాలుగు వందల షవర్ క్యాపులు పంపినందులకు కృతజ్ఞులము.

2. చావు జరిగిన ఇంట నెల రోజులు పొయ్యి వెలిగించరాదు, ఇరుగుపొరుగులే వండి తేవలెను. ఇది మా ఆచారం. ఇప్పుడు ఊరంతా చావు జరిగిన ఇళ్ళే కావున, పందొమ్మిది రోజులుగా అందరూ పక్క డేరా వైపు చూస్తూ కూర్చున్నారు.

3. తమరు పంపిన ట్యూనా డబ్బాలు అందినవి. మా అవ్వ ఎర్సీలియా ముట్టలేదు. "ఈ చేపకి మీ తాత ఎవరో తెలుసుట్రా? పరామర్శకొచ్చిన మొహమేనా ఇది?" అని అడిగినది. రొట్టెముక్క, నీళ్ళతో బతుకుతున్నది. నిన్న అవ్వ లంగా జారకుండా నా బెల్టు బిగించాను. చివరి రంధ్రం కూడా వదులే. వేళాకోళం కాదు సార్, భయమేస్తోంది.

4. ఊళ్ళో మైల లేని మనిషి ఒక్కరే: మమ్మల్ని ఓదార్చుటకు తమరు మిలాన్ నుంచి పంపిన మనసు డాక్టరు ఫుల్వియో గారు. వారికి వంట రాదు. "బాధని మాటల్లో చెప్పండమ్మా" అంటారు. "ఆకలేస్తోంది నాయనా" అంటే రాసుకుంటారు.

కావున వంటమనిషిని పంప ప్రార్థన. అర్హతలు: ఇంటిల్లిపాదీ క్షేమంగా ఉండాలి, వెల్లుల్లి మాడ్చకూడదు. ఆకలితో రాసినది కనుక, తమరు భోంచేయకముందే చిత్తగించవలెను.

తమ విధేయుడు,
ఎలీజియో ముస్కో, బి.ఏ. (తత్వశాస్త్రం, కడుపు నిండని చదువు)

తా.క.: ఈ అర్జీ చదివి వినిపించగా డాక్టరు గారికి రోషమొచ్చి, తన డేరాలో పొయ్యి వెలిగించి, విరవకుండా మరిగే నీళ్ళలో వేయవలసిన స్పగెట్టీని రెండుగా విరిచి చన్నీళ్ళలో వేశారు. విరిచిన చప్పుడుకు అవ్వ లేచింది.

"భూకంపంలోంచి బతికి బయటపడ్డాంరా నాయనా, నీ చేతిలో పొమ్మంటావా? జరుగు!" అని గరిట లాక్కుంది.

"మరి ఆచారమో, అవ్వా?" అన్నాను.

"పొయ్యి వాడిది. వాళ్ళింట్లో ఎవరూ పోలేదు. నోర్మూసుకుని వెల్లుల్లి ఒలువు."

ఊరంతా తిన్నది. అవ్వ రెండు పళ్ళేలు తిని, తాతని తలుచుకుని మొదటిసారి గట్టిగా ఏడ్చింది. డాక్టరు గారు ఓదార్చబోతే "ముందు తినరా" అంది.

కావున వంటమనిషి వద్దు. డాక్టరు గారిని బదిలీ చేయవద్దు. ఆయనకు వంట నేర్పించే ఆలోచన ఏదైనా ఉంటే, అది అసలే వద్దు.